నిజమువలె చెప్పిన కథలు: మైకేల్ క్రైటన్

ఒక రచయిత పరిశోధక గ్రంథాలయంలో కూర్చొని కొన్ని పుస్తకాల కోసం వెదకుతున్నాడు. అవి తన నవల చివర ఆధారగ్రంథాలుగా తాను పేర్కొన్నవే. గంటలు గడిచినవి, పుస్తకాలు మాత్రం దొరకలేదు. కడపటికి అతనికి తట్టిన సంగతి ఇది: ఆ గ్రంథాలు లోకంలో ఎక్కడా లేవు. నవల వ్రాసే రోజులలో, చదువరికి నమ్మకం కుదరడానికై, తానే ఆ పేర్లు కల్పించి పట్టికలో చేర్చి ఉంటాడు. ఏది నిజంగా ఉన్న గ్రంథమో, ఏది తన సృష్టియో కొన్నేండ్లలో తానే మరచిపోయాడు. తాను పన్నిన వలలో తానే చిక్కుకొన్న ఈ వైనాన్ని దాచుకొనక, తరువాత అతడే స్వయంగా బయటపెట్టాడు.

ఆ రచయిత పేరు మైకేల్ క్రైటన్. అమెరికా దేశస్థుడు. అతని పుస్తకాలు ప్రపంచమంతటా 20 కోట్ల ప్రతులకు పైగా అమ్ముడుపోయినవి. అతని పేరు వినని వారు కూడ అతని రాక్షసబల్లులను తెరమీద చూచియే ఉంటారు. విజ్ఞానశాస్త్రాన్ని ఆధారం చేసుకొని ఊపిరి బిగబట్టించే కథలు చెప్పినవారు అతనికి ముందూ ఉన్నారు. ఫ్రాన్సులో జూల్స్ వెర్న్, ఇంగ్లండులో హెచ్. జి. వెల్స్ ఆ బాట వేసినవారే. అయితే కథను కథగా గాక ఒక కార్యాలయపు దస్త్రంగా, ప్రయోగశాల నివేదికగా చదువరి చేతిలో పెట్టి నమ్మించడం క్రైటన్ సొంత విద్య. ఆ విద్య అతనిని ఎంత ఎత్తుకు తీసుకొనిపోయినదో, చివరకు ఎక్కడికి చేర్చినదో తెలుసుకోదగినది.

క్రైటన్ 1942 అక్టోబరు 23న చికాగో నగరంలో జన్మించాడు. పెరిగినది న్యూయార్కు నగరానికి సమీపాన ఉన్న రాస్లిన్ అనే ఊరిలో. తండ్రి పత్రికారచయిత. ఇంటిలో వ్రాత అనేది వింత విషయం కాదు. 16వ ఏటనే క్రైటన్, ఆరిజోనా రాష్ట్రంలోని ఒక చల్లారిన అగ్నిపర్వతాన్ని చూచివచ్చి వ్రాసిన వ్యాసం న్యూయార్క్ టైమ్స్ యాత్రాపుటలలో అచ్చయినది. రచయిత కావలెననే కోరికతో హార్వర్డ్ విశ్వవిద్యాలయంలో ఆంగ్లసాహిత్యం చదవడానికి చేరాడు.

అక్కడ ఒక చిన్న కథ నడిచినది. తన వ్యాసాలకు వస్తున్న తక్కువ మార్కులు చూచి, లోపం తన రచనలో ఉన్నదా, దిద్దేవారిలో ఉన్నదా అన్న సందేహం అతనికి కలిగినది. ఒకసారి జార్జ్ ఆర్వెల్ వ్యాసమొకదానిని తనదిగా వ్రాసి సమర్పించాడు. ఆర్వెల్‌కు వచ్చినది బి మైనస్. ఆర్వెల్ కే ఆ గతి పట్టినప్పుడు తనవంటివాని సంగతి ఏమని తలచి, సాహిత్యశాఖకు నమస్కరించి మానవశాస్త్రానికి మారిపోయాడు. ఇది అతడు స్వయంగా చెప్పిన కథ కాబట్టి అంతవరకే స్వీకరింతము. విద్యార్థి చేసినది తప్పే. కాని ఒక వ్రాతకు విలువ ఎక్కడినుండి వస్తున్నది, లోని సరుకునుండియా, పైన ఉన్న పేరునుండియా అన్న ప్రశ్న అతనిని ఆనాడే పట్టుకొన్నదని దీనివల్ల తెలుస్తున్నది. ఆ ప్రశ్న అతనిని జీవితాంతం విడువలేదు.

1964లో ఉన్నత శ్రేణిలో పట్టభద్రుడై, కొంతకాలం ఇంగ్లండులోని కేంబ్రిడ్జిలో మానవశాస్త్రం బోధించి, తిరిగివచ్చి హార్వర్డ్ వైద్యకళాశాలలో చేరాడు. చదువు ఖర్చులకు డబ్బు కావలసివచ్చినది. సెలవులలో, తీరిక దొరికిన వారాంతాలలో నేరకథలు వ్రాసి అమ్మసాగాడు. మొదటి నవల 'ఆడ్స్ ఆన్' 1966లో వెలువడినది. వైద్యుడు కాబోయే తాను తమ రహస్యాలను కథలుగా మలుస్తాడేమోనని రోగులు జంకకుండ ఉండడానికై మారుపేర్లు పెట్టుకొన్నాడు. ఆ పేర్లలో కొంటెతనం కూడ ఉన్నది. క్రైటన్ ఎత్తు 6 అడుగుల 9 అంగుళాలు. 'జాన్ లాంగె' అన్నది ఒక మారుపేరు. జర్మను భాషలో 'లాంగె' అనగా పొడుగు అని అర్థం. రెండవ పేరు 'జెఫరీ హడ్సన్'. 17వ శతాబ్దంలో ఇంగ్లండు రాణి హెన్రియెట్టా మరియా కొలువులో ఉన్న సుప్రసిద్ధుడైన మరుగుజ్జు పేరు అది! హడ్సన్ పేరుతో 1968లో వ్రాసిన 'ఎ కేస్ ఆఫ్ నీడ్' అనే నవల ఆనాటి అమెరికాలో చట్టవిరుద్ధమైన గర్భస్రావాన్ని, దానిచుట్టూ వైద్యులు పాటించే మౌనాన్ని ప్రస్తావించినది. నేరకథా రచయితల సంఘంవారు దానికి 1969లో ఎడ్గార్ బహుమతి ఇచ్చారు.

ఇక వైద్యం. అతని ఆత్మకథాత్మక గ్రంథం 'ట్రావెల్స్' శవపరీక్షశాలలో, మనిషి తలను రంపంతో కోయడంతో ఆరంభమవుతుంది. చేతులు ఆ పని నేర్చుకొన్నవి గాని మనస్సు అలవాటు పడలేదు. మానివేయవలెనని పలుమార్లు అనుకొని, ఏదో విధంగా 1969లో ఎం. డి. పట్టం పొందాడు. వైద్యవృత్తి మాత్రం ఏనాడూ చేయలేదు. ఎందుకనగా ఆ ఏడాదే అతని సొంత పేరుతో 'ది ఆండ్రొమీడా స్ట్రెయిన్' వెలువడినది.

ఈ నవలను గూర్చి కొంత నిలిచి చెప్పుకోవలసి ఉన్నది. ఆకాశంనుండి ఒక చిన్న ఉపగ్రహం ఆరిజోనాలోని ఒక పల్లెలో పడుతుంది. దానితోపాటు వచ్చిన ఏదో సూక్ష్మజీవివల్ల ఊరంతా నిలుచున్నవారు నిలుచున్నట్లే కూలిపోతారు. బ్రతికి మిగిలినవారు ఇద్దరే: కడుపులో పుండుతో బాధపడే ఒక ముసలి త్రాగుబోతు, ఎడతెగక ఏడ్చే ఒక పసిబిడ్డ. వీరిద్దరికీ ఉమ్మడిగా ఉన్నదేమిటి? నెవాడా ఎడారి క్రింద అయిదంతస్తులుగా నిర్మించిన రహస్య ప్రయోగశాలలో శాస్త్రజ్ఞులు ఈ ముడి విప్పడానికి కూర్చుంటారు. ముసలివాని రక్తంలో ఆమ్లగుణం పెరిగినది. ఏడ్చి ఏడ్చి ఊపిరి వేగమైన బిడ్డ రక్తంలో క్షారగుణం పెరిగినది. సూక్ష్మజీవి ఈ రెంటికీ నడుమ ఉన్న ఇరుకైన మేరలోనే బ్రతుకగలదు. ఇంత చక్కని వైద్యశాస్త్రపు పొడుపుకథను వైద్యవిద్యార్థి గాక మరొకరు వేయగలరా?

కథ ఎంత బాగున్నా, మొదటి వ్రాతప్రతి ఇప్పుడు మనకు దొరికే రూపంలో లేదు. నాఫ్ ప్రచురణసంస్థలోని సంపాదకుడు రాబర్ట్ గాట్లీబ్ దానిని ఆమూలాగ్రం తిరిగి వ్రాయుమన్నాడు. పాత్రల అంతరంగాలు క్రైటన్ చేతికి లొంగే సరుకు కాదని అతడు గ్రహించాడు. వాటిని తీసివేసి, జరిగిన సంఘటనను పత్రికావిలేఖరి నివేదించినట్లు పొడిపొడిగా చెప్పుమన్నాడు. క్రైటన్ అట్లే చేశాడు. పుటల నడుమ కంప్యూటరు ముద్రించిన పట్టికలు, పటాలు, రహస్యపత్రమనే ముద్రలు వచ్చి చేరినవి. మొదట లేనివారికి కృతజ్ఞతలు, చివర ఉన్నవీ లేనివీ కలిపిన గ్రంథపట్టిక. 1969 జులైలో చంద్రుని మీదినుండి తిరిగివచ్చిన వ్యోమగాములను, ఏ సూక్ష్మజీవిని వెంట తెచ్చారోనని మూడు వారాలపాటు వేరుగా ఉంచారు. నవల వెలువడిన కొద్ది వారాలకే ఇది జరిగినది. కల్పన ఏదో, ప్రభుత్వప్రకటన ఏదో చదువరులు తేల్చుకోలేకపోయిన దానిలో వింత లేదు.

రేడియోలో పనిచేసే నాకు ఇక్కడ మరొక సంఘటన జ్ఞాపకం వస్తున్నది. 1938 అక్టోబరు 30 రాత్రి ఆర్సన్ వెల్స్ అనే యువనటుడు, హెచ్. జి. వెల్స్ నవలను అమెరికా రేడియోలో వార్తాప్రసారాల రూపంలో నాటకంగా వినిపించాడు. అంగారకవాసులు దిగివచ్చారని విని దేశమంతా వీధులకెక్కినదని మరునాడు పత్రికలు వ్రాసినవి. ఆ కల్లోలాన్ని పత్రికలే మిక్కిలి పెంచి చెప్పినవని తరువాతి పరిశోధకులు తేల్చారు. కొందరు శ్రోతలు భయపడినది మాత్రం నిజం. వార్తలు చదివే గొంతులో ఆవేశం పలుకరాదని మాకు మొట్టమొదట నేర్పుతారు. ఆ నిదానమే శ్రోతకు నమ్మకం. ఆర్సన్ వెల్స్ ఆ గొంతును అరువు తెచ్చుకొన్నాడు. క్రైటన్ శాస్త్రవ్యాసపు గొంతును అరువు తెచ్చుకొన్నాడు. అతని నవలలలో ఒక్క మనిషి ముఖమైనా నాకు జ్ఞాపకం లేదు; మూసుకొనే తలుపులు, మ్రోగే గంటలు, వెలిగి ఆరే దీపాలు మాత్రం కన్నులకు కట్టినట్లున్నవి.

ఆ తరువాతి ఇరువది ఏండ్లను త్వరగా దాటవచ్చును. 1970లో మసాచుసెట్స్ జనరల్ హాస్పిటల్ అనుభవాలతో 'ఫైవ్ పేషెంట్స్' అనే కథేతర గ్రంథం వ్రాశాడు. 1972లో మెదడుకు కంప్యూటరు అమర్చిన మనిషి కథ 'ది టెర్మినల్ మాన్' వచ్చినది. సినిమాలోకి వెళ్ళి 1973లో 'వెస్ట్‌వరల్డ్' చిత్రానికి కథ వ్రాసి దర్శకత్వం వహించాడు. విహారస్థలంలో వినోదానికై పెట్టిన యంత్రమానవులు ఎదురుతిరగడం అందులోని కథ. యంత్రపు చూపును చతురపు గళ్ళ బొమ్మగా చూపడానికై ఆ చిత్రంలో కంప్యూటరును వాడారు. పూర్తినిడివి కథాచిత్రంలో అట్లా వాడడం అదే మొదలు. 1975లో, 1855నాటి ఇంగ్లండు రైలుదోపిడిని తీసుకొని 'ది గ్రేట్ ట్రెయిన్ రాబరీ' వ్రాశాడు.

మొదట చెప్పిన గ్రంథాలయపు ఉదంతానికి కారణమైన నవల 'ఈటర్స్ ఆఫ్ ది డెడ్' 1976లో వచ్చినది. ప్రాచీన ఆంగ్లకావ్యం బేవుల్ఫ్ విసుగు పుట్టించే కావ్యమని ఒక మిత్రుడు అనగా, కాదని నిరూపించడానికి పూనుకొని వ్రాసినది. 10వ శతాబ్దంలో బాగ్దాదునుండి వోల్గా తీరానికి రాయబారిగా వెళ్ళిన ఇబ్న్ ఫద్లాన్ అనే అరబ్బు పండితుని యాత్రావృత్తాంతం నిజంగా ఉన్నది. మొదటి మూడు అధ్యాయాలకు దానినే ఆధారం చేసుకొన్నాడు. అక్కడినుండి అదే గొంతుతో, అవే అధోజ్ఞాపికలతో బేవుల్ఫ్ కథలోకి జారిపోయాడు. ఆధారాలలో పేర్కొన్న ఒక పండితుని ఇంటిపేరుకు లాటిన్ భాషలో మోసమనియే అర్థం. తెలిసినవాడు నవ్వుకొంటాడు, తెలియనివాడు తల ఊపుతాడు. ఇంతవరకు ఇది నిర్దోషమైన పరిహాసమే.

1990లో 'జురాసిక్ పార్క్' వచ్చినది. వెస్ట్‌వరల్డ్ లోని యంత్రమానవుల స్థానంలో రాక్షసబల్లులు నిలిచినవి. విహారస్థలమూ, మానవుని అతివిశ్వాసమూ అవే. మొదటి వ్రాతప్రతిని ఒక బాలుని దృష్టినుండి చెప్పగా చదివిన మిత్రులెవ్వరికీ నచ్చలేదట. పెద్దవారి దృష్టినుండి తిరిగి వ్రాశాడు. కథకు మూలమైన ఊహ మాత్రం గాలిలోనిది కాదు. 1982లో జార్జ్ పోయినార్ అనే కీటకశాస్త్రజ్ఞుడు, ఆంబర్ అనే చెట్టుబంకశిలలో చిక్కుకొన్న ఒక ప్రాచీనకీటకంలో కణనిర్మాణం చెదరక నిలిచి ఉండడాన్ని ప్రకటించాడు. 1984లో కాలిఫోర్నియా పరిశోధకులు, అంతరించిపోయిన క్వాగా అనే జంతువు చర్మంనుండి డి. ఎన్. ఏ. తీశారు. ఈ రెంటినీ కలిపితే ఏమగును? రాక్షసబల్లిని కుట్టిన దోమ, దాని కడుపులో రక్తం, ఆ రక్తంలో ప్రాణిని తిరిగి నిర్మించే పత్రం. క్రైటన్ ఒక మెట్టు మాత్రమే ముందుకు వేశాడు. అయితే ఆ మెట్టు ఎంత ఎత్తైనదో చదువరికి తెలియనీయలేదు.

ఇక్కడ ఒక విచిత్రం జరిగినది. స్పీల్‌బర్గ్ తీసిన చిత్రం 1993 జూన్ 11న అమెరికాలో విడుదలైనది. సరిగా దాని ముందురోజున, పోయినార్ బృందంవారు ఆంబర్‌లో చిక్కిన 12 కోట్ల ఏండ్లకు పైబడిన ముక్కుపురుగునుండి డి. ఎన్. ఏ. తీసినట్లు 'నేచర్' పత్రిక ప్రకటించినది. లోకం ఆశ్చర్యపడినది. తరువాత ఇతర ప్రయోగశాలలవారు ఎంత ప్రయత్నించినా అటువంటి ఫలితం మరల రాలేదు. ఆధునిక జీవుల డి. ఎన్. ఏ. ఏదో కలిసి మోసపుచ్చినదని నేటి అభిప్రాయం. ఇంతవరకు చదువగలిగిన వానిలో ప్రాచీనతమమైనది 2022లో ప్రకటించిన గ్రీన్లండు మంచుభూమిలోనిది. దాని వయస్సు సుమారు 20 లక్షల ఏండ్లు. రాక్షసబల్లులు అంతరించి 6 కోట్ల 60 లక్షల ఏండ్లు అయినది. ఆ దూరాన్ని నవల దాటగలదు గాని ప్రయోగశాల దాటలేదు.

మరొక మాట. జురాసిక్ అన్న పేరు పెట్టుకొన్నా, నవలలో అందరినీ భయపెట్టిన టిరనోసారస్, వెలోసిరాప్టర్ ఆ యుగానివి కావు. అవి దాని తరువాతి క్రెటేషియస్ యుగానివి. అసలైన జురాసిక్ రాక్షసబల్లిని చూడవలెనంటే మన గోదావరి లోయకు రావలెను. తెలంగాణలోని యామనపల్లి వద్ద తవ్వగా లభించిన ఎముకలకు 1988లో కోటసారస్ యామనపల్లియెన్సిస్ అని నామకరణం జరిగినది. ఆ అస్థిపంజరాన్ని హైదరాబాదులోని బిర్లా విజ్ఞానకేంద్రంలో నిలబెట్టారు. పొడుగాటి మెడతో ఆకులు మేసిన సాధుజంతువు అది. దానివెంట సినిమా నడవదు!

1994 క్రైటన్ జీవితంలో శిఖరం. 1974లో వ్రాసి మూలపడి ఉన్న ఆస్పత్రి కథను, ఇరువది ఏండ్ల తరువాత, 'ఇ. ఆర్.' అనే పేరుతో టెలివిజన్‌లో ఆరంభించారు. అది 2009 వరకు 331 భాగాలు నడిచినది. పుస్తకాలలో, చలనచిత్రాలలో, టెలివిజన్‌లో ఏకకాలమందు అగ్రస్థానం పొందిన కీర్తి ఆ ఏడాది అతనికి దక్కినది. వైద్యవృత్తిని విడిచిన మనిషికి ఆస్పత్రియే ఇంతటి పేరు తెచ్చినది.

ఆ కీర్తితో 2004లో 'స్టేట్ ఆఫ్ ఫియర్' వ్రాశాడు. భూమి వేడెక్కుతున్నదన్న భయాన్ని ప్రజలలో పుట్టించడానికై పర్యావరణవాదులు కొందరు కృత్రిమంగా ఉపద్రవాలు సృష్టిస్తారని కథ. ఈసారి అధోజ్ఞాపికలలోని వ్యాసాలు కల్పితాలు కావు. అన్నీ నిజంగా ఉన్నవే. ఉష్ణోగ్రతల పటాలూ నిజమైనవే. లోపం ఎంపికలో ఉన్నది. భూగోళమంతటి సగటును గూర్చిన వాదానికి, ఉష్ణోగ్రత పెరగని విడివిడి నగరాల పటాలు చూపితే అది ఖండనమా? 1988లో జేమ్స్ హాన్సెన్ అనే శాస్త్రజ్ఞుడు అమెరికా సెనేటు సంఘం ముందు మూడు అంచనాలు ఉంచాడు. వానిలో మిక్కిలి హెచ్చైన దానిని మాత్రమే తీసుకొని, అతడు 300 శాతం తప్పినాడని నవల చెప్పినది. మధ్యస్థమైన అంచనా జరిగినదానికి దగ్గరగానే ఉన్నదని హాన్సెన్ చూపాడు. తమ పరిశోధనకు పెడర్థం తీశారని మరికొందరు శాస్త్రజ్ఞులు కూడ ఆక్షేపించారు.

క్రైటన్ పక్షాన చెప్పదగినది లేకపోలేదు. భూమి వేడెక్కడాన్ని గాని, దానిలో మానవుని పాత్రను గాని అతడు పూర్తిగా త్రోసివేయలేదు. ఎంత మేరకు అన్నది తేలలేదనియే అతని వాదం. అధికసంఖ్యాకుల అభిప్రాయం శాస్త్రం కాదని అతడన్న మాట విడిగా చూస్తే సరియైనదే. కాని ఆ మాటకు బలమివ్వడానికి అతడు ఎన్నుకొన్నది నవల. నవలలో ఎదుటివాడు లేచి బదులు చెప్పలేడు. అతనికి మాటలు ఇచ్చేవాడు కూడ రచయితయే. 2005 సెప్టెంబరులో సెనేటు సంఘం అతనిని సాక్షిగా పిలిపించి అభిప్రాయం అడిగినది. 2006లో చమురు భూగర్భశాస్త్రజ్ఞుల సంఘమొకటి ఆ నవలకు పత్రికారచన బహుమతి ఇచ్చినది. నవలకు పత్రికారచన బహుమతి! 1969లో గాట్లీబ్ నేర్పిన శైలి ఇంతదూరం వచ్చినది.

ఇందులో మరింత చిత్రమైన దొకటి ఉన్నది. ఆ నవలకు రెండేండ్ల ముందు, 2002లో, క్రైటన్ ఒక ఉపన్యాసంలో పాఠకుల బలహీనత నొకదానిని ఎత్తిచూపాడు. మనకు బాగా తెలిసిన విషయంమీద పత్రికలో వార్త చదివినప్పుడు దానిలోని తప్పులన్నీ కనిపించి నవ్వుకొంటాము. పుట త్రిప్పగానే, మనకు తెలియని విషయంమీద అదే పత్రిక వ్రాసినదంతా భక్తితో నమ్ముతాము. దీనికి, మిత్రుడైన భౌతికశాస్త్రజ్ఞుడు మర్రీ గెల్‌మాన్ పేరు జోడించి, గెల్‌మాన్ మతిమరుపు అని చమత్కారంగా నామకరణం చేశాడు. ఇంత సూక్ష్మంగా రోగనిర్ణయం చేసిన వైద్యుడు, పాఠకులలోని అదే బలహీనతను నమ్ముకొని నలుబది ఏండ్లు నవలలు వ్రాశాడు. తనకూ ఆ రోగం సోకినదని గుర్తించినట్లు కనబడదు.

2008 నవంబరు 4న, అమెరికా ప్రజలు బరాక్ ఒబామాను అధ్యక్షునిగా ఎన్నుకొన్న రోజుననే, క్రైటన్ లాస్ ఏంజెలెస్‌లో కన్నుమూశాడు. వయస్సు 66 ఏండ్లు. వ్యాధి లింఫోమా అనే కాన్సరు. దానిని గూర్చి బయట చాలమందికి తెలియదు. అతని కంప్యూటరులో దొరికిన ఓడదొంగల నవల 2009లో వెలువడినది. సగంలో నిలిచిన 'మైక్రో' ను రిచర్డ్ ప్రెస్టన్ పూర్తిచేయగా 2011లో, మరొక అసంపూర్ణ రచనను జేమ్స్ ప్యాటర్సన్ పూర్తిచేయగా 'ఎరప్షన్' అనే పేరుతో 2024లో వచ్చినవి.

అతడు జీవించి ఉండగానే, 2002లో, చైనాలో దొరికిన ఒక కవచధారియైన రాక్షసబల్లికి శాస్త్రజ్ఞులు అతని పేరిట క్రైటన్‌సారస్ అని నామకరణం చేశారు. ఆ ఎముకలను మరల పరిశీలించిన ఇతర శాస్త్రజ్ఞులు, ప్రత్యేకజాతి అని తేల్చడానికి అవి చాలవని తరువాత అభిప్రాయపడ్డారు. అదే పేరుక్రింద చేర్చిన మరొక జంతువు ఎముకలు మాత్రం మెరుగైనవి. దానిని వేరుచేసి 2015లో క్రైటన్‌పెల్టా అని పిలిచారు. ఆ పేరు నిలిచి ఉన్నది.